వాయిదాల్లో చెప్పిన నిజం

భర్త మోసం చేశాడనో, భార్య మోసం చేసిందనో బయటపడ్డాక చుట్టూ ఉన్నవాళ్లు మొదట నిలదీసేది మోసపోయిన మనిషినే. "ఇన్నాళ్లూ నీకు అనుమానమే రాలేదా?" అంటారు. కొందరు జాలిగా అంటారు, కొందరు తమ ఇంట్లో అలాంటివి జరగవన్న ధీమాతో అంటారు. ఎలా అన్నా అందులో ఒక నింద దాగి ఉంటుంది. కాస్త కళ్లు తెరుచుకుని ఉంటే ఇంతదాకా వచ్చేది కాదుగా అని. అప్పటికే సగం చచ్చిపోయిన మనిషి, ఆ మాట విన్నాక తన తెలివితేటల్నే శంకించుకోవడం మొదలుపెడుతుంది.

ఆ ప్రశ్న వింటే నాకు ఒళ్లు మండుతుంది. అబద్ధాన్ని పట్టుకోవడం మనుషులకు ఎంతవరకు చేతనవుతుందో మనస్తత్వ శాస్త్రంలో చాలా ఏళ్లుగా పరీక్షిస్తున్నారు. చార్లెస్ బాండ్, బెల్లా డిపాలో అనే ఇద్దరు పరిశోధకులు అప్పటిదాకా జరిగిన అధ్యయనాల్ని పోగుచేసి 2006లో లెక్క తేల్చారు. అందులో 24 వేల మందికి పైగా జనం ఇచ్చిన తీర్పులున్నాయి. ఎదుటివాళ్లు చెప్పేది నిజమో అబద్ధమో తేల్చమంటే వాళ్లు సరిగ్గా చెప్పగలిగింది సగటున 54 శాతం. కళ్లు మూసుకుని బొమ్మా బొరుసా అన్నా 50 వస్తుంది. ఏళ్ల తరబడి కలిసి బతికినవాళ్ల విషయంలో మనం ఇంకా బాగా పసిగడతాం అనుకుంటాం గానీ, దగ్గరితనం వల్ల ముందుగా పెరిగేది మన ధీమా. వేరే ఆధారం కనబడనంతవరకు ఎదుటి మనిషి చెప్పింది నిజమనే తీసుకుంటాం. టిమొతీ లెవిన్ అనే పరిశోధకుడు దీన్ని మనుషుల సహజ స్థితిగానే చూస్తాడు. అలా ఉండకపోతే ఏ ఇద్దరూ ఒక పూట కూడా ప్రశాంతంగా మాట్లాడుకోలేరు. ఆఫీసులో లేటయింది అని అవతలి మనిషి అన్నప్పుడు "అవునా, సరే" అనుకుని నిద్రపోవడం అమాయకత్వం కిందికి రాదు. సంసారం చెయ్యడమంటే అదే.

ఇంకో సంగతి కూడా ఉంది. జెనిఫర్ ఫ్రైడ్ అనే అమెరికన్ మనస్తత్వ శాస్త్రవేత్త 1990ల నుంచి ఈ విషయం మీద పనిచేసింది. మనం ఎవరి మీద ఆధారపడి బతుకుతున్నామో వాళ్లే ద్రోహం చేస్తే, ఆ ద్రోహాన్ని గుర్తించకుండా ఉండటానికే మనసు మొగ్గుచూపుతుందని ఆమె వాదన. గుర్తిస్తే ఏదో ఒకటి చెయ్యాలి. చేస్తే ఇల్లు, పిల్లలు, డబ్బు, రేపు అన్నీ కదిలిపోతాయి. అందుకని కళ్లముందు కనబడుతున్నది కూడా కళ్లకు ఆనదు. "నాకు లోపల్లోపల తెలుసేమో" అని తర్వాత చాలామంది అంటారు. తెలిసి ఊరుకున్నట్టు కాదు అది. తెలుసుకునేందుకు కావలసిన నేల కాళ్ల కింద లేకపోవడం.

సరే, ఇంతకీ మోసంలో పోయేదేమిటి? నమ్మకం పోతుంది అంటాం. ఆ మాట అందరూ అనీ అనీ అరిగిపోయింది, దానితో ఏమీ తెలియడం లేదు. నాకు తెలిసిన ఒకామె విషయం చెప్తాను. ఆమె భర్తకు కొన్నేళ్లపాటు ఇంకొకరితో సంబంధం ఉండేది. అది తెలిశాక ఆమెను అన్నిటికన్నా ఎక్కువగా కుంగదీసింది ఆ సంబంధం కాదని ఆమే చెప్పింది. ఆ ఏళ్లలో ఆమె రెండో బిడ్డను కనాలనుకుంది. వేరే ఊళ్లో మంచి పదవి వస్తే, సంసారం చెదిరిపోతుందని వదులుకుంది. పెద్ద గొడవైన ఒక రోజు పుట్టింటికి వెళ్లిపోదామనుకుని, ఆయన బతిమాలితే ఆగిపోయింది. వీటిలో ఒక్కొక్క నిర్ణయమూ ఆమె తనే ఆలోచించి తీసుకున్నాననుకుంది. అసలు సంగతి తెలిసి ఉంటే అవే నిర్ణయాలు తీసుకునేదో లేదో ఇక ఎప్పటికీ తేలదు. "నా బతుకు గురించి నా వెనక ఆయనొక్కడే మీటింగ్ పెట్టుకుని తీర్మానాలు చేసేశాడు" అంది. నేను చెప్పాలనుకున్నదంతా ఆ ఒక్క మాటలో ఉంది. అబద్ధం చెప్పినవాడు అవతలి మనిషి దగ్గర్నుంచి ఒక సమాచారాన్ని దాస్తున్నాను అనుకుంటాడు. నిజానికి తీసేసుకుంటున్నది ఆ మనిషి తన జీవితం గురించి తాను తేల్చుకునే అధికారాన్ని.

ఇలా చూస్తే మూడో మనిషి లేని మోసాలు కూడా అర్థమవుతాయి. ఇంకో జంట ఉన్నారు. ఆయన మీద ఏ ఆడదాని నీడా లేదు. కాకపోతే షేర్లలో డబ్బు పోగొట్టుకుని, ఆ నష్టం పూడ్చడానికి అప్పు చేసి, ఆ అప్పు తీర్చడానికి ఇంకో అప్పు చేసి, ఇదంతా ఇంట్లో తెలియకుండా నడిపాడు. ఫోన్‌లో అప్పులవాళ్ల మెసేజ్ ఒకటి ఆవిడ కంట పడింది. "వేరే ఎవరితోనైనా తిరిగినా ఇంతలా అనిపించేది కాదేమో" అని ఆవిడ అన్నప్పుడు ఆయన బిత్తరపోయాడు. తను తప్పుడు పని చెయ్యలేదనే ఆయన నమ్మకం. ఆవిడ మాత్రం లేని డబ్బును ఉందనుకుని పిల్లల చదువులు, తల్లి ఆపరేషన్ అన్నీ ప్లాన్ చేసుకుంటూ వచ్చింది. రెండు ఇళ్లలో జరిగిన తప్పులు వేరు, లాక్కున్నది ఒకటే.

మోసంలో పోయేది ఏమిటి, ఎవరిది అన్న లెక్కలో తేడా చట్టాల చరిత్రలో కూడా కనబడుతుంది. 1860 నాటి మన శిక్షాస్మృతిలో 497వ సెక్షన్ అని ఒకటి ఉండేది. ఒకరి భార్యతో, ఆ భర్త సమ్మతి లేకుండా, సంబంధం పెట్టుకున్న మగవాడికి అయిదేళ్ల దాకా జైలు. భర్త సమ్మతి ఉంటే నేరమే కాదట! భర్త వేరే స్త్రీతో సంబంధం పెట్టుకుంటే అతని భార్యకు ఫిర్యాదు చేసే హక్కు లేదు. అంటే అక్కడ నష్టపోయింది ఒక మగవాడి సొత్తు అని లెక్క. 2018 సెప్టెంబర్ 27న సుప్రీంకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ సెక్షన్‌ను కొట్టేసింది. దక్షిణ కొరియాలో రాజ్యాంగ న్యాయస్థానం అంతకు ముందే, 2015లో, అక్కడి చట్టాన్ని రద్దు చేసింది. "ఇప్పుడిక అక్రమ సంబంధం తప్పు కాదన్నమాట" అని అప్పట్లో వాట్సాప్‌లో జోకులు తిరిగాయి. నేరం కాకపోవడం వేరు, తప్పు కాకపోవడం వేరు. విడాకులు కోరడానికి అది ఇప్పటికీ కారణమే. పోలీసులు తప్పుకున్నారు కాబట్టి ఎవరికి ఏం నష్టం జరిగిందో ఆ ఇద్దరూ ఇప్పుడు తిన్నగా మాట్లాడుకోక తప్పదు. నాకైతే అదే మంచిదనిపిస్తుంది.

అబద్ధం చెప్పినవాళ్లందరూ దుర్మార్గులని నేననను. దుర్మార్గులైతే కథ తేలికయ్యేది. 2016లో లండన్‌లో టాలీ షారట్ అనే మెదడు పరిశోధకురాలి బృందం చేసిన ఒక ప్రయోగం ఉంది. సీసాలో ఉన్న నాణేల విలువ ఎంతో అవతలి మనిషికి సలహా ఇవ్వాలి. తప్పుడు సలహా ఇస్తే తమకు లాభం వచ్చేలా ఏర్పాటు చేసి, ఆ సమయంలో వాళ్ల మెదడును స్కాన్ చేశారు. మొదట్లో అబద్ధమాడినప్పుడు భావోద్వేగాలకు సంబంధించిన అమిగ్డలా అనే భాగం గట్టిగా స్పందించింది. అబద్ధాలు సాగే కొద్దీ ఆ స్పందన తగ్గుతూ వచ్చింది, అబద్ధాల సైజు పెరుగుతూ వచ్చింది. మొదటిరోజు ఒక మెసేజ్ చెరిపేస్తే చేతులు వణుకుతాయి. కొన్నాళ్లకు టీవీ చూస్తూ చెరిపేస్తారు. డిపాలో పరిశోధనల్లోనే ఇంకో విచిత్రం ఉంది. చిన్నా చితకా అబద్ధాలు మనం దగ్గరివాళ్లకు తక్కువ చెప్తాం. బతుకులో చెప్పే అతి పెద్ద అబద్ధాలు మాత్రం ఎక్కువగా దగ్గరివాళ్లకే చెప్తాం. పోగొట్టుకోవడానికి ఎక్కువున్నది అక్కడే కాబట్టి.

"నేనూ ఆ రహస్యంతో నలిగిపోయాను" అని చాలామంది అంటారు. అది నిజమే కావచ్చు. రహస్యాన్ని ఎదుటివాళ్ల దగ్గర దాచడం కన్నా, ఒంటరిగా ఉన్నప్పుడు మనసు పదేపదే దాని దగ్గరికే పోతుండటమే మనిషిని ఎక్కువ బాధపెడుతుందని మైకేల్ స్లెపియన్ అనే పరిశోధకుడు చూపించాడు. కానీ ఆ నలుగుడు ఇద్దరి మధ్య లెక్క చెల్లు చెయ్యదు. తనతో తాను బతకడానికి మనిషి ఇంకో పని కూడా చేస్తాడు. గతాన్ని తిరగరాసుకుంటాడు. "అసలు మా మధ్య ఎప్పుడో ఏమీ లేకుండా పోయింది", "తనకు నా మీద ఎప్పుడు ప్రేముంది గనక" అని. మోసం మొదలైన తర్వాత కనిపెట్టిన కారణాలు, మోసానికి ముందు నుంచీ ఉన్నట్టు అనిపించడం మొదలవుతాయి. నిజంగానే సంసారం బాగుండకపోయి ఉండొచ్చు. బాగా లేదని చెప్పడానికి ఇంట్లో రోజూ అవకాశం ఉంది కదా, చెప్పలేదేం?

దొరికిపోయిన రోజు జరిగే గొడవ ఏ ఇంట్లో చూసినా ఒక్కలాగే ఉంటుంది. మొదట "అలాంటిదేం లేదు". తర్వాత "నా ఫోన్ నువ్వెందుకు చూశావు?" ఆ తర్వాత "నీ అనుమానంతో నన్ను చంపుకు తింటున్నావు". పది నిమిషాల్లో నేరస్తుడు బాధితుడైపోతాడు, అడిగిన మనిషి సంజాయిషీ ఇచ్చుకుంటూ నిలబడుతుంది. కాదనడం, ఎదురుదాడి చెయ్యడం, పాత్రలు తారుమారు చెయ్యడం అనే ఈ మూడు మెట్ల ఎత్తుగడను 1997లోనే ఫ్రైడ్ వర్ణించింది. ఫోన్ చూడటం మంచిదా కాదా అన్నది విడిగా మాట్లాడుకోవాల్సిన విషయం. ఆ పూట మాత్రం అది దాక్కోవడానికి దొరికిన గోడ.

ఆ తర్వాత వచ్చేదాన్ని నేను వాయిదాల నిజం అంటాను. బంధం తెగిపోయే చోటు చాలాసార్లు ఇదే. మొదట "కేవలం స్నేహం" అంటాడు. మెసేజ్‌లు బయటపడ్డాక "మాట్లాడుకున్నాం, అంతే" అంటాడు. హోటల్ బిల్లు దొరికాక "ఒక్కసారే" అవుతుంది. తర్వాత ఒక్కసారి కాదని తేలుతుంది. ఎప్పుడో ఆగిపోయిందన్నది పోయిన నెల దాకా సాగిందని తెలుస్తుంది. ప్రతి వాయిదా తర్వాతా "ఇంకేమైనా ఉందా?" అని అడుగుతుంది, "ఒట్టు, ఇంకేం లేదు" అంటాడు. చెప్పేవాడి లెక్క ఏమిటంటే, ఒకేసారి అంతా చెప్తే తట్టుకోలేదని, కొంచెం కొంచెంగా చెప్తే బాధ తగ్గుతుందని. వినే మనిషికి మాత్రం ప్రతిసారీ మొదటిరోజే తిరిగొస్తుంది. ఏడ్చి, కడుపులో దాచుకుని, సరే ఇంతే కదా, క్షమిద్దాం అని కష్టపడి ఒక నిర్ణయానికి వచ్చాక ఆ నిర్ణయమే అబద్ధం మీద నిలబడిందని తెలుస్తుంది. పాత మోసం ఆమెకు తెలియకుండా జరిగింది. ఇది ఆమె మొహంలోకి చూస్తూ, ఆమె ఏడుస్తుండగా చేసినది. రెండోదాన్ని క్షమించడం ఎందుకంత కష్టమో చేసినవాళ్లకు బొత్తిగా అర్థం కాదు. "చెప్పినా తిట్టారు, చెప్పకపోయినా తిట్టారు" అంటారు.

ఇంకో నష్టం కూడా ఉంది. ఇలా నాలుగు వాయిదాలు అయ్యాక అయిదోసారి చెప్పింది నిజంగా పూర్తి నిజమే అయినా దానికి విలువ ఉండదు. నిజం చెప్పి కూడా నమ్మించలేని స్థితికి అతను తన్ను తానే తెచ్చుకున్నాడు.

అలాగని అడిగే మనిషికి అన్ని ప్రశ్నలూ మేలు చేస్తాయని కాదు. ఎన్నాళ్లు, ఎవరు, ఇప్పుడు ఆగిందా, డబ్బు ఎంత పోయింది, ఒంట్లో జబ్బేమైనా అంటుకునే అవకాశం ఉందా, పిల్లలకు తెలుసా, మన స్నేహితుల్లో ఎవరెవరికి తెలుసు అన్నవి నిర్ణయం తీసుకోవడానికి కావలసినవి. వాటికి జవాబు బాకీ. ఆవిడ నాకన్నా అందంగా ఉందా, ఏ చీర కట్టుకుంది, ఏం అంటూ పిలిచేవాడివి అన్నవి బుర్రలో బొమ్మలుగా మిగిలిపోయి అర్ధరాత్రి లేపుతాయి. అడగొద్దని చెప్పే హక్కు నాకు లేదు. అడిగే ముందు ఒక రోజు ఆగమని మాత్రం చెప్తాను.

బయటపడని మోసం సంగతేమిటి? ఎప్పుడో ఒకసారి జరిగింది, ఆగిపోయింది, ఎవరికీ తెలియదు. చెప్పాలా? దీని మీద కౌన్సెలింగ్ చేసేవాళ్లలోనే ఏకాభిప్రాయం లేదు. చెప్పొద్దు అనేవాళ్ల వాదన తేలిగ్గా కొట్టెయ్యలేం. చెప్పినవాడి గుండె తేలికవుతుంది, విన్న మనిషి గుండె బరువెక్కుతుంది. తన అపరాధ భావాన్ని దించుకోవడానికి అవతలి మనిషిని వాడుకోవడం స్వార్థమే కదా అంటారు. నా దగ్గర దానికి సగం జవాబే ఉంది. చెప్పకపోవడం వల్ల ఎవరికి లాభమో చూడండి. "తను బాధపడకూడదని" అనే మాట వెనక "నేను వదిలివెయ్యబడకూడదని" అనేది ఎంత ఉందో నిజాయితీగా కొలుచుకోండి. అవతలి మనిషి అబద్ధంలో హాయిగా ఉంటుందని తేల్చడానికి మీరెవరు? అందుకే చెప్పమనే అంటాను. రెండు మినహాయింపులు. చెప్తే కొడతాడు, చంపుతాడు అన్న భయమున్న చోట ముందు ప్రాణం చూసుకోవాలి. రెండోది మినహాయింపుకు తిరగబడ్డ రూపం. లైంగికంగా సోకే ఇన్ఫెక్షన్లు కొన్ని ఏ లక్షణమూ లేకుండా ఏళ్లు ఉండిపోతాయి. అలాంటి అవకాశం ఉన్నచోట మౌనంగా ఉండటానికి ఏ వాదనా చెల్లదు. పరీక్షలు చేయించుకోవాలి, అవతలివాళ్లకు చెప్పి తీరాలి.

ఇక క్షమాపణ. బంధువులకు దీనిమీద ఉన్నంత తొందర మరి దేనిమీదా ఉండదు. "జరిగిందేదో జరిగింది, పిల్లల మొహం చూసి సర్దుకుపోండి" అని చెప్పి రాత్రి బస్సుకు వెళ్లిపోతారు. మర్నాటి నుంచి ఆ ఇంట్లో ఉండాల్సింది వాళ్లు కాదు. క్షమించడం ఒకటి, తిరిగి నమ్మడం ఇంకొకటి. మొదటిది మోసపోయిన మనిషి ఒక్కర్తే చెయ్యగలదు, చేసి విడిపోగలదు కూడా. రెండోది ఆమె చేతిలో లేదు. అవతలి మనిషి రోజూ చేసేదాన్ని బట్టి అది వస్తే వస్తుంది. "ఇంకెన్నాళ్లు అదే మాట? సారీ చెప్పాను కదా" అని విసుక్కునేవాళ్లకు ఈ తేడా తెలియదు. ఏళ్ల తరబడి అబద్ధం నడిపిన ఓపిక, దాని గురించి పదోసారి అడిగితే జవాబు చెప్పడానికి ఎక్కడికి పోతుందో!

పాస్‌వర్డ్‌లు ఇచ్చేస్తే నమ్మకం వస్తుందా అంటే రాదు. కొన్నాళ్లు టెన్షన్ తగ్గుతుంది. రాత్రి పూట నిద్ర పడుతుంది. ఆ మాత్రం ఉపశమనం అవసరమే, ఇవ్వాల్సిందే. కానీ ఫోన్ తనిఖీ చేస్తూ పోతే దొరికేది భరోసా మాత్రమే, అదీ ఆ రోజు వరకే. నేను చూసినవాటిలో పనికొచ్చింది వేరు. అడగకముందే చెప్పడం. "ఈరోజు ఆవిడ ఆఫీసులో ఎదురుపడింది, రెండు మాటలు మాట్లాడాల్సి వచ్చింది, నీకు చెప్దామని" అన్న మాట పది తనిఖీల కన్నా ఎక్కువ పనిచేస్తుంది. తనకు నష్టమని తెలిసీ ఒకడు నిజం చెప్పాడంటే అప్పుడు ఏదో కదులుతుంది. షేర్లలో పోగొట్టుకున్నాయన చివరికి చేసిందదే. అప్పులన్నీ ఒక కాగితం మీద రాసి, ఆవిడకు తెలియని ఇంకో రెండు బాకీలు కూడా కలిపి ఇచ్చాడు. ఆ రెండూ చూసి ఆవిడ వారం రోజులు మాట్లాడలేదు. కానీ తనంతట తను చేర్చి ఇచ్చినవి ఆ రెండే కాబట్టి ఆ కాగితాన్ని నమ్మింది. వాళ్లిద్దరూ కలిసే ఉన్నారు. బ్యాంకు అకౌంట్లు ఆవిడే చూస్తుంది, ఆయన కొన్ని నెలలు దానికి చిరాకుపడతాడు కూడా.

మొదట చెప్పినామె విడిపోయింది. సంబంధం బయటపడ్డ చాలా నెలలకు, అంతా చక్కబడుతోందనుకున్నాక, ఇంకొక వాయిదా వచ్చింది. అదేమంత పెద్ద విషయం కూడా కాదు, ఒక ప్రయాణం గురించి. మొదటిరోజే అంతా చెప్పి ఉంటే తను ఉండేదా అని ఆయన నన్ను అడిగాడు. నాకేం తెలుసు. ఆమెను అడిగితే ఆమె కూడా తెలియదనే చెప్పింది. ఇప్పుడు ఆమె తలనొప్పి వేరే ఉంది. ఇద్దరి పేరున తీసుకున్న ఇంటి లోన్ ఇంకా చాలా కట్టాలి, అందులో తన వాటా ఎంతో లాయర్లు తేల్చడం లేదు. ఆ కాగితాల మీద ఆమె సంతకం పెట్టింది కూడా ఆ ఏళ్లలోనే.